బియ్యం డబ్బాలో బూట్లు

ఏమండీ,

మీరు వెళ్ళిన ఆ మంచుకొండల ట్రెక్కింగ్‌కే మన చిన్నమ్మాయి ఇవాళ బయలుదేరుతోంది. బంద్ అన్నారని, రైలు ఆగుతుందని ఆశపడ్డాను. ఆ బంద్ కూడా రద్దు చేసుకున్నారు.

"ఏటమ్మా నీ భయం? తోడు గైడ్ ఉంటాడు. ఎక్కడమే నడక, దిగేటప్పుడు హెలికాప్టరే కదా," అంటోంది. మిమ్మల్నీ హెలికాప్టర్లోనే దించారు. ముఖం మీది దుప్పటి తీసి చూసింది నేను.

ఏం చెయ్యాలో తోచక పొద్దున దాని కొత్త బూట్లు బియ్యం డబ్బాలో దాచేశాను. ఇల్లంతా వెతికింది. నన్ను ఒక్క మాట అడగలేదు. అడిగితే కాళ్ళు పట్టుకునైనా ఆపేదాన్ని.

ఇది రాస్తుంటే వచ్చి ఎదురుగా నిలబడింది. నేను అటక మీద దాచుకున్న మీ బూట్లు తొడుక్కుంది. ఆ కొండ మీంచి మీతో తిరిగొచ్చినవే.

"రెండు జతల మేజోళ్ళేస్తే సరిపోనాయమ్మా," అంది.