కొలువులో అగ్నిపర్వతం

అక్కా,

నువ్వు పోయినాక ఈ ఏడే మళ్లీ బొమ్మల కొలువు పెట్టినాం. మురుంగపాక్కం నుంచి బంకమన్ను తెచ్చి, నువ్వు చేసినట్టే మెట్ల కింద హిమాలయాలు, నీలగిరులు చేసినా. సముద్రంగా పరిచిన నీలం గుడ్డ మీద, అండమాన్ కాడ, మన దేశంలో ఇంకా మండే ఒకే ఒక్క అగ్నిపర్వతం బారెన్ దీవిని పెట్టినా.

పెద్దమ్మ వచ్చి, "నిప్పు కక్కే కొండ ఇంట్లో ఏంది? ఆ ఏడు కొలువులో పెట్టిన ఇదే మీ అక్కను మింగింది" అని దాన్ని కుప్పతొట్టిలో పారేసింది.

నాకు ఒళ్లు మండిపోయింది. "అక్క జ్వరంతో కాలిపోతా ఉంటే, కొలువు ఎత్తినాక ఆస్పత్రికి పోదామన్నది ఎవరు?" అని అందరి ముందరా అడిగినా.

మళ్లీ మన్ను పిసికి కొండ చేసి, నీ మాదిరే లోపల సాంబ్రాణి వెలిగించినా. పొగకు పెద్దమ్మ కళ్లు తుడుచుకుంది. నేనింకో పిడికెడు సాంబ్రాణి వేసినా.