ఒకే ఒక్క తప్పుడు వార్త

ఇంటి సర్వాధికారిణి అయిన అమ్మకు, ప్రభుత్వ ఖర్చుతో పోషింపబడుతున్న నీ చిన్నకొడుకు నమస్కరించి రాయునది. ఇక్కడ అందరమూ క్షేమం. నల్లులు మరీ క్షేమం. నువ్వూ క్షేమమని తలుస్తాను.

కొడుతున్నారా అని అడిగావు. లేదు, ఉపన్యాసాలు ఇస్తున్నారు. దెబ్బలైతే ఎప్పుడో ఒకప్పుడు ఆగుతాయి.

నా నేరమేమిటో పక్కింటివాళ్లకు చెప్పడం రావడం లేదన్నావు. ఇలా చెప్పు: దేశాన్నేలే పెద్దాయన కొత్త ఆసుపత్రి ప్రారంభించిన రోజున వార్డులో అరవై మంచాలున్నాయి. ఆయన రిబ్బను కత్తిరించి, ఫొటో దిగి కారెక్కాడు. సాయంత్రానికి అద్దె సామాన్లవాడి లారీ వచ్చి మంచాలన్నీ ఎక్కించుకుపోయింది. మావాడు అది చూసి పేపర్లో రాశాడు. జడ్జిగారు కళ్లజోడు తుడుచుకుంటూనే మూడేళ్లు వేశారు. పెట్టుకుని చూసుంటే ఇంకో ఏడాది పడేదేమో.

తరవాత క్షమాపణ కాగితంతో ఒక అధికారి వచ్చాడు, ఇస్త్రీ మడత నలగకుండా కూర్చున్నాడు.

“మంచాలన్నీ అక్కడే ఉన్నాయి, నేనే అబద్ధం రాశానని సంతకం పెట్టు. వచ్చే వారం ఇంటికి పోతావ్.”

“పెడితే మంచాలొస్తాయా సార్?”

“నువ్వు ఇంటికి పోతావు కదరా, మంచాలతో నీకేం పని?”

ఇంత తెలివిని ఒక్క బల్ల వెనక కుదించి కూర్చోబెట్టారు చూడు!

ఇక అసలు సంగతి. సంతకం పెట్టేదాకా తిండి ముట్టనని నువ్వు రాశావు. పెట్టేశాను, వస్తున్నానని నేను రాశాను. పెట్టలేదమ్మా. కలం పట్టుకున్న మాట నిజం. కాని మంచాలు ఎత్తుకుపోయిన రాత్రే ఆ వార్డులో నేల మీద ఒక ముసలాయన పోయాడు. ఆయన కూతురు నా చెయ్యి పట్టుకుని, “మంచం లేదని రాయి బాబూ” అంది. ఆయన మంచం మీదే పోయాడని నేనెలా రాసిచ్చేది? సంతకానికిచ్చిన గడువు నిన్నటితో అయిపోయింది. మూడేళ్లూ ఉండాల్సిందే.

తప్పుడు వార్తలు రాస్తానని నన్ను లోపల వేశారు. ఉద్యోగంలో చేరాక నేను రాసిన తప్పుడు వార్త ఆ ఒక్కటే. అదీ నీకు, నువ్వు తింటావని.

మళ్లీ మొండికేస్తావని తెలుసు. అందుకే ఈ ఉత్తరం జైలు ఆఫీసు గుండా కాకుండా, మా గదిలోంచి విడుదలవుతున్న దర్జీ చేతికిచ్చాను. “ఆకలేస్తోందని కూర్చో. నీతోపాటు అమ్మ కూడా తినాలి. ఆవిడ తిని చెయ్యి కడుక్కున్నాకే ఉత్తరం తియ్యి” అని చెప్పాను. ఇప్పుడెంత తిట్టినా తిన్నది తిన్నట్టే.

ఈ పూటకు గెలుపు నాది. రేపు పొద్దున కూడా తినమ్మా.

ఇట్లు,
మూడేళ్లదాకా చిరునామా మారని
నీ చిన్నోడు