తిరుగుడు చుక్క ఉపవాసం

మంజులత టీచరమ్మకు నమస్కరించి రాస్తున్నాను.

ఏ సూర్యుడి చుట్టూ తిరగక, దిక్కు లేకుండా వచ్చిన ఆ చుక్క శాస్త్రానికి దొరికిన వరమని మీరు బడిలో చెప్పారు. అమ్మవారి పూజారినైన నేనేమో గుడి గ్రంథం ఎత్తిపట్టి, అది అమ్మవారి కన్ను అని, కనిపించినన్నాళ్లూ మెతుకు ముట్టొద్దని కురుమవాడలో గర్జించాను. మిమ్మల్ని నాస్తికురాలని తిట్టాను కూడా.

మా అక్క లక్ష్మీనర్సమ్మకు షుగరు, చూపు మసక. నాలుగు రోజులుగా మంచినీళ్లే. పొద్దున లేవబోయి పడిపోయింది.

"తప్పు చెప్పిన అక్కా, జర అంబలి తాగు" అని కాళ్లు పట్టుకున్నాను.

"ఎవరు తినమన్నా తినొద్దు, ఆఖరికి నేనొచ్చి చెప్పినా ఇనొద్దని నువ్వే అంటివి గదరా! నీకు మాయ కమ్మింది తమ్మీ. దినాం చుక్కను జూసే టీచరమ్మే అది పోయిందని చెప్పాలె, గప్పుడు తింట" అంది.

గ్రంథమంతా తిరగేశాను. ఆమెకు అన్నం పెట్టే ఒక్క వాక్యమూ దొరకలేదు. చుక్క ఇంకా ఇరవై రోజులుంటుందని మీరే అన్నారట. అక్క ఉండదు.

ఈ సాయంత్రమే మీ బడి టెలిస్కోపు తీసుకొని రండమ్మా. చుక్క లేని దిక్కుకు తిప్పి ఆమెకు చూపించండి. ఆ అబద్ధం పాపం నాకే తగలనీ. నేను అంబలి కాచి, గిన్నె పట్టుకొని గడపలో నిలబడి ఉంటాను.