వదీమ్ గారు జాబితాలో రాయని సీరియల్

మాంట్రియల్,
ఆదివారం ఉదయం

అన్నయ్యకి నమస్కారాలు.

నీ మోకాలు ఎలా ఉంది? వదిన షుగరు మాత్రలు వేళకు వేసుకుంటోందా, లేక పక్కింటివాళ్ల వైద్యమే నడుస్తోందా? నేను బాగానే ఉన్నాను. దగ్గు తగ్గింది. నువ్వు నమ్మవని తెలిసీ మళ్లీ రాస్తున్నాను, బాగానే ఉన్నాను.

మార్చి వచ్చినా మంచు పోలేదు. పైన నీళ్లు, కింద గడ్డ. బస్టాపు దాకా నడిచేసరికే రోజు పనంతా అయిపోయినంత అలసట. ఆ తర్వాత ఆఫీసు. కొత్తగా వచ్చినవాళ్లకి ఫారాలు నింపిపెడతాను కదా, యూనివర్సిటీలో నేర్చుకున్న రష్యన్ ఇన్నాళ్లకి అన్నం పెడుతోంది. ఇక్కడి వంకాయకి మాత్రం రుచి లేదు, ఎంత కారం కూరినా.

ఆ ఆఫీసులోనే వదీమ్ గారు పరిచయమయ్యారు. మాస్కోలో సినిమాలకి కథలు, మాటలు రాసి, తర్వాత నిర్మాత అయిన మనిషి. అరవై దాటాయి. ఇప్పుడొక హోటల్లో దుప్పట్లు ఉతుకుతున్నారు. నేను 'గారు' అని పిలవడం నచ్చి, బస్సులో కూడా "డ్రైవర్ గారు" అంటున్నారు.

మా పేట లైబ్రరీవాళ్లు ఆయన మొదటి సినిమా వేస్తామన్నారు. రైల్వే స్టేషన్లో జనం మర్చిపోయిన సామాన్లకి కాపలా కాసే ముసలావిడ కథ అది. మూడేళ్లుగా ఈ ఊళ్లో ఆయన పేరు హోటల్ బ్యాడ్జీ మీద తప్ప ఎక్కడా లేదు. తెర మీద పడబోతోందని కొత్త చొక్కా కొనుక్కున్నారు. ఇంతవరకు రాసినవి, తీసినవి అన్నీ జాబితా ఇమ్మని లైబ్రరీవాళ్లు అడిగారట. ఆయన రష్యన్లో రాసి తెచ్చారు, ఇంగ్లీషులో పెట్టడం నా వంతు.

చూస్తే, ఒక టీవీ సీరియల్ లేదు. దాని సంగతి నాకు తెలుసు. తమ సైనికుల్ని దేవుళ్లుగానూ, పక్క దేశంవాళ్లని పురుగుల్లానూ చూపించిన సీరియల్. రచన, నిర్మాణం ఈయనే. ఆ తర్వాత ఆ పక్క దేశంతోనే యుద్ధం వచ్చింది, ఈయన దేశం వదిలారు.

నా నోరు నీకు తెలుసుగా.

"ఆ సీరియల్ ఏదండీ?" అన్నాను.

"అది సర్కారు తీయించింది. నాది కాదు."

"మంచి సినిమా మీదీ, చెడ్డ సీరియల్ సర్కారుదీనా? బావుందండీ పంపకం!"

"ఒక్క సాయంత్రం, భార్గవి గారు. ఒక్క సాయంత్రం నన్ను ఆ ముసలావిడ కథ రాసినవాడిగా ఉండనివ్వండి."

"ఆ పక్క దేశంవాళ్లూ ఈ పేటలోనే ఉన్నారు. నా టేబుల్ ముందే కూర్చుంటారు. వాళ్లొచ్చి సినిమా చూసి మీకు చప్పట్లు కొట్టాలా?"

ఆయన కాగితం మడిచి జేబులో పెట్టుకున్నారు. గుమ్మం దగ్గర ఆగి, "మీ అన్నగారు మీ వ్యాసాల పుస్తకం వేస్తున్నారన్నారుగా. అందులో అన్నీ ఉన్నాయా?" అన్నారు.

"ఉన్నాయి" అన్నాను. గట్టిగానే అన్నాను.

వారం తర్వాత కాగితం మళ్లీ తెచ్చారు. చివర్న ఆయన చేత్తోనే ఆ సీరియల్ పేరు, పక్కన తన పేరు. నేను టైపు చేసి పంపాను. నాలుగు రోజుల్లో లైబ్రరీవాళ్లు సినిమా రద్దు చేశారు. పిలిచి నలుగురి ముందు నిలదీయొచ్చుగా? అది చేతకాదు, తలుపు మూసేశారు. దాచినవాడికి తెర ఇస్తారట, ఒప్పుకున్నవాడికి ఇవ్వరట! పదేళ్ల కిందటైతే ఆ పూటే వ్యాసం రాసి పారేసేదాన్ని. ఇప్పుడు ఓపిక లేదన్నయ్యా. ఆయన ఆ కొత్త చొక్కా వేసుకునే దుప్పట్లు ఉతకడానికి వెళ్తున్నారు. నన్నొక్క మాట అనలేదు.

ఇక నీతో పని. ప్రెస్సుకి వెళ్లేముందు నీ బీరువా పై అరలో నీలం అట్ట సంచిక తియ్యి. మన సంఘం నాయకుడు తనతో అసభ్యంగా ప్రవర్తించాడని వసుధ చెప్పినప్పుడు, ఆమె ఉద్యమం పరువు తీస్తోందని నేను రాసిన వ్యాసం అందులో ఉంది. ఆమె చెప్పింది నిజమని తర్వాత అందరికీ తెలిసింది. నేను మాత్రం ఎక్కడా ఒప్పుకోలేదు. ఆ సంచిక దొరకలేదని, పుస్తకం కోసం అడిగినవాళ్లకి నీతోనే అబద్ధం చెప్పించాను.

దాన్ని పుస్తకంలో వెయ్యి, ఒక్క అక్షరం దిద్దకుండా. అయితే ముందు ప్రూఫు తీసుకుని వసుధ ఇంటికి నువ్వే వెళ్లు. ఆ మాటలు మళ్లీ అచ్చులో చూడటం తనకి ఇష్టం లేదంటే, పుస్తకమే ఆపెయ్యి. అది లేకుండా మాత్రం వెయ్యకు.

వదినకి, పెద్దత్తయ్యకి నా నమస్కారాలు. నన్ను ముందు తిట్టు, తర్వాత దీవించు.

నీ చెల్లెలు
భార్గవి