ఫెర్న్‌కి ఐదేళ్లే

హాలీవుడ్,
9 ఫిబ్రవరి 1931

ప్రియమైన మా పంతులమ్మకి,

చెల్లెలి సినిమా మీ ఊళ్లో ఆడుతున్నా నువ్వు చూడలేదని మీ బాబాయి రాశాడు. ఇరవై రెండు మంది రైతు పిల్లల ముక్కులు తుడిచే నీకు తీరికెక్కడిది.

పని పడి రాస్తున్నాను. రెండేళ్ల క్రితం నెబ్రాస్కా నుంచి రాగానే ఫెర్న్ వయసు రెండేళ్లు తగ్గించి చెప్పాను. ఇక్కడ ప్రతి తల్లీ అదే చేస్తుంది. ఇప్పుడు దానికి ఏడు, కాగితాల్లో ఐదు. అది కూడా ఐదే అనుకుంటోంది. ఆరు దాటితే స్టూడియోలో రోజూ మూడు గంటలు పాఠాలు చెప్పించాలని చట్టం. అంతసేపు కెమెరా ఆపుకుని పాఠాలు వినే పిల్ల ఎవరిక్కావాలి? కొత్త ఒప్పందానికి వయసు రుజువు అడుగుతున్నారు. మీ బడి కాగితం మీద 1926లో పుట్టిందని రాసి సంతకం పెట్టు.

మన ఇంట్లో బడి గడప తొక్కినదానివి నువ్వొక్కదానివే. ఊరి వాళ్ల దుప్పట్లు ఉతికి చదివించాను. ఆ చదువు ఒక్క సంతకానికైనా పనికిరాదా?

ఇట్లు,
నిన్ను కన్న పాపానికి,
మాబెల్

ఆల్డర్ క్రీక్,
20 ఫిబ్రవరి

ప్రియమైన అమ్మకి,

సినిమా చూశాను. బాబాయికి చెప్పుకోవడానికి సిగ్గేసి చూడలేదన్నాను. బట్టతలాయన ఒళ్లో కూర్చుని ఫెర్న్ కళ్లు తిప్పుతూ ముద్దుముద్దుగా మాట్లాడుతుంటే, పక్కనున్నావిడ "పాలు తాగే పిల్లమ్మా, ఎంత బాగా చెబుతోందో" అంది. ఆ పాలు తాగే పిల్ల మన పెరట్లో పుంజుని కర్ర పుచ్చుకుని తరిమిన రోజు గుర్తొచ్చింది.

గోడ మీద పోస్టర్లో తన పేరు మూరెడు అక్షరాల్లో ఉన్నా దానికి చదవడం రాదు. నువ్వు చెవిలో ఊదిన మాటలు తిరిగి చెబుతుంది. కోతిని ఆడించేవాడు కూడా కోతి వయసు దాచడు, అమ్మా.

సంతకం పెట్టను. దాన్ని నా దగ్గరికి పంపించు. చదువు చెప్పుకుంటాను.

నీ కూతురు,
ఐడా

హాలీవుడ్,
2 మార్చి

ప్రియమైన ఐడాకి,

నీ నీతులు అందాయి. వాటితో పొయ్యి రాజుకోలేదు.

ఫెర్న్ ముందు పన్ను ఊడింది. మూగ సినిమాల రోజుల్లో అయితే నోరు మూసుకుని నవ్వితే సరిపోయేది. ఇప్పుడు మైకు ముందు నోరు విప్పితే ఈల. శబ్దం పట్టే కుర్రాడు, "ఏమ్మా, పిల్లని తెచ్చావా, ఈలేసే టీ కెటిలు తెచ్చావా?" అన్నాడు. కట్టుడు పన్ను పెట్టించాను. అన్నం తినేటప్పుడు తీసి జేబులో వేసుకుంటోంది.

స్టూడియోలో పెద్ద పిల్లలకి పాఠాలు చెప్పే టీచరమ్మ కళ్లు మాత్రం డేగ కళ్లు. "ఐదేళ్లకే పళ్లూడాయేమిటి?" అంది.

"మా వంశంలో అన్నీ తొందరేనండీ" అన్నాను.

"అబద్ధాలు కూడానా?" అంది.

నీకే నేరుగా రాసి అడుగుతుందట. ఐదు అని ఒక్క ముక్క రాయి. లేకపోతే దాని బతుకు నీ చేత్తో తీసినట్టే.

అమ్మ

ఆల్డర్ క్రీక్,
11 మార్చి

అమ్మకి,

టీచరమ్మ ఉత్తరం వచ్చింది. చర్చిలో ఫెర్న్ బాప్తిస్మం రాసిన పేజీకి నకలు తీసి పంపాను. 1924 జనవరి. దానితో పాటు ఫెర్న్‌కి కూడా నాలుగు ముక్కలు రాసి, చదివి వినిపించమని ఆవిడనే కోరాను. తన వయసెంతో పిల్లకి తెలియాలి.

ఇక నన్ను ఎంత తిట్టినా ఫరవాలేదు.

ఐడా

లాస్ ఏంజిలెస్ రైల్వే స్టేషను,
26 మార్చి

ఐడా తల్లికి,

నీ నకలు చూసి స్టూడియో పెద్దమనిషి నవ్వాడు. "ఇది మాకెప్పుడో తెలుసమ్మా. నువ్వు రెండు కోశావు, మేం పత్రికల కోసం ఇంకొకటి కోశాం. బయట మీ పిల్లకి నాలుగే" అని సొరుగులో పడేశాడు. ఇంతకాలం నేను మోసం చేస్తున్నానని భయపడ్డది వీళ్లనా అనిపించింది. నీ నిజం వాళ్ల మీద ఈగ వాలినంత కూడా పని చెయ్యలేదు.

పని చేసింది ఫెర్న్ మీద.

సోమవారం ఏడుపు దృశ్యం. డైరెక్టరు ఎప్పటిలాగే దాన్ని పక్కకి పిలిచి, "మీ అమ్మని ఇప్పుడే కారు గుద్దింది" అన్నాడు. నేను గోడ చాటున ఉన్నాను. ఎప్పుడూ అక్కడే నిలబెడతారు. నేను ఒప్పుకునే నిలబడతాను. అది ఆయన్ని ఎగాదిగా చూసి, "నాకు ఏడేళ్లు. ఐదేళ్ల వాళ్లకి చెప్పండి" అంది. ఉల్లిపాయ తెచ్చారు. గిల్లారు. చుక్క రాలేదు. మర్నాడు పొద్దున దాని కుర్చీలో వేరే పిల్ల కూర్చుంది. నాలుగేళ్లట. పాలపళ్లు ఊడి, ముందు పెద్ద పళ్లు వచ్చేశాయి.

ఫెర్న్‌ని రైలెక్కిస్తున్నాను. నేను ఇక్కడే ఏదో ఇంట్లో బట్టలుతుక్కుంటాను. నీ మొహం చూడలేను.

ఈ ఉత్తరం పెట్టి పిన్ను గుచ్చడానికి దాని కోటు జేబు చూస్తుంటే అడిగింది, "నువ్వు నిజంగా మా అమ్మవేనా?" అని. అవునన్నాను. నమ్మినట్టు లేదు.

నువ్వు చెబితే నమ్ముతుంది. చెప్పు.

అమ్మ