అజాగ్రత్త వల్ల ఓడిపోయిన సైన్యం

యుద్ధమంటే ఏమిటో, ఏది కాదో తేల్చి చెప్పే అధికారం గల పెద్దలకు. ఆ పెద్దలకు ఆ అధికారం ఇచ్చిన ఇంకా పెద్దలకు. ఈ ఇరువురూ సెలవులో ఉన్నప్పుడు వారి తరఫున సంతకాలు చేసే గుమాస్తాలకు సవినయంగా మనవి చేసుకునేది ఏమనగా: దిగువ ఉత్తరం ఒక చెల్లెలు తన అన్నకు రాసుకున్న సొంత ఉత్తరం. అయితే ఆ అన్న సైనిక కళాశాలలో యుద్ధ నిర్వచన సంఘానికి అధ్యక్షుడూ, ఆ చెల్లెలు అదే కళాశాలలో శత్రు విభాగానికి అధిపతీ కావడంచేత నకలు తమకు పంపడమైనది. చదవకపోయినా ఫరవాలేదు. అందినట్టు ముద్ర వేస్తే చాలు.

అన్నయ్యకి,

ఎదురుపడితే నువ్వు అనే నోటితోనే ఇప్పుడు మీరు అంటున్నాను. దీన్ని గౌరవం అనుకోకండి. దూరం.

మన ఉద్యోగాలు మీకు తెలియనివి కావు గానీ నకలు అందుకునేవారి కోసం రాస్తున్నాను. సైనికాధికారులకు పాఠాలు చెప్పే మన కళాశాలలో ఏటా ఒకసారి పెద్ద హాల్లో బల్లమీద యుద్ధం జరుగుతుంది. నీలి పక్షం మనది, దానికి సేనాపతి మీరు. ఎర్ర పక్షం శత్రువుది. శత్రువును నేను. ఈ శత్రుత్వానికి నాకు నెల జీతం, సంపాదిత సెలవులు, పెన్షను ఉన్నాయి. ప్రతిసారీ మూడో రోజు భోజనాల వేళకు నేను ఓడిపోవాలి. ఆలస్యం చేస్తే సేనాపతుల విందు చల్లారిపోతుంది. ఇన్నేళ్లలో ఒక్కసారి కూడా విందు చల్లారలేదని నా సర్వీసు పుస్తకంలో మెచ్చుకోలు ఉంది.

మీరు యుద్ధతంత్రం ఎలా మారుతూ వచ్చిందో పాఠం చెబుతుంటే వెనక బెంచీల్లో నిద్రపోయేవాళ్లు కూడా లేచి కూర్చుంటారు. గోడ ఎత్తు పెంచుకున్నవాణ్ణి సొరంగం తవ్వినవాడు గెలిచాడు. వరసగా నిలబడి పోరాడినవాణ్ణి చెట్ల చాటు నుంచి కాల్చినవాడు గెలిచాడు. కందకంలో కూర్చున్నవాణ్ణి ఆకాశం నుంచి వచ్చినవాడు గెలిచాడు. ప్రతి కాలంలోనూ ఓడినవాడు ఒకే మాట అంటాడని మీరే నవ్వుతూ చెబుతారు: "ఇది యుద్ధం కాదు, మోసం." హాలంతా నవ్వుతుంది. పాఠం అయ్యాక మీరు కమిటీ గదికి వెళ్లి, సరిగ్గా ఆ ఓడినవాడి మాటనే నిర్వచనంగా రాస్తారు.

"యుద్ధమనగా, రెండు రాజ్యాల సాయుధ బలగాల మధ్య, ముందుగా ప్రకటించి, నిర్దిష్ట రంగంలో సాగించే పోరాటం." ఇది మీ వాక్యం. కామాలు కూడా మీవే.

మన తమ్ముడు చిన్నోడు కరెంటు సబ్‌స్టేషన్‌లో లైన్‌మన్. ఆ రోజు వాడు లైనులో కరెంటు ఆపించి, పని చేసుకోవచ్చని లైన్ క్లియర్ తీసుకున్నాడు. కరెంటు లేదని పరీక్షించి చూసుకున్నాడు. లైనును నేలకు కలిపే ఎర్త్ రాడ్ తగిలించడానికి చెయ్యి చాపాడు. అదే సమయంలో దేశంలోని చాలా సబ్‌స్టేషన్లలో బ్రేకర్లు వాటంతటవే పడి, ఆపిన లైన్లలోకి కరెంటు వచ్చేసింది. చిన్నోడు అక్కడికక్కడే పోయాడు. సరిహద్దుకు అవతల ఎవరో కుర్చీలో కూర్చుని మీట నొక్కారు. పాలమ్మేవాడికి కూడా తెలిసిన సంగతి అది. విచారణ అధికారులు మాత్రం పద్ధతి గల మనుషులు కాబట్టి, ఇది యుద్ధచర్య అవునా కాదా అని మీ సంఘాన్ని అడిగారు. ఆయుధం కనబడలేదు, ప్రకటన అందలేదు, సబ్‌స్టేషన్ యుద్ధరంగాల జాబితాలో లేదు. కాదన్నారు మీరు. పిడుగు పడలేదని వాతావరణ శాఖ చెప్పింది. యంత్రంలో లోపం లేదని యంత్రం అమ్మినవాళ్లు చెప్పారు. ఇక మిగిలింది చిన్నోడే. కారణం: స్వయం అజాగ్రత్త. ఎర్త్ చేయని లైను దగ్గరికి వెళ్లాడట. దగ్గరికి వెళ్లకుండా లైనును ఎర్త్ చేసే విధానం ఏదైనా ఉంటే దయచేసి తెలియజేయగలరు.

అంతటితో ఆగినా నేను ఊరుకునేదాన్నేమో. ఇప్పుడు కరెంటు సంస్థవారి శిక్షణ గదిలో ప్రతి సోమవారం కొత్తవాళ్లకు భద్రతా పాఠం చెబుతూ తెరమీద చిన్నోడి ఫొటో వేస్తున్నారు. "ఇలా పని చేయకూడదు" అనడానికి ఉదాహరణగా. ఆ గదికి ఎదురుగానే మన మరదలి కుట్టుమిషను దుకాణం. కిటికీ తెరిస్తే కనిపిస్తుంది. మొన్న వెళ్లినప్పుడు గుండీలు కుడుతూ తలెత్తకుండానే అంది.

"వదినా, ఆయన ఇంట్లో బల్బు మార్చాలంటే మెయిను ఆపి, చెప్పులేసుకుని, నన్ను మెయిను దగ్గర కాపలా పెట్టేవాడు. 'కదిలావంటే చూడు' అనేవాడు. పొయ్యి మీద కూర మాడినా కదలనిచ్చేవాడు కాదు. ఆయనా అజాగ్రత్త మనిషి?"

ఇంకో గుండీ అందుకుని మళ్లీ తనే అంది.

"అజాగ్రత్తగా చేసింది ఒక్కటే. బావగారికి తమ్ముడిగా పుట్టాడు."

కాబట్టి అన్నయ్యా, నేను మీమీద పగ తీర్చుకోదలచాను. తోబుట్టువునన్న అభిమానంతో ముందే తెలియజేస్తున్నాను. ఇది నిర్ణీత నమూనాలో లేదు గనుక మీరు దీన్ని ప్రకటనగా పరిగణించరని నాకు పూర్తి నమ్మకం ఉంది.

ఇట్లు,
మీ చెల్లెలు,
శత్రు విభాగాధిపతి

*

అన్నయ్యకి,

గెలిచిన పక్షం ఓడిన పక్షానికి జరిగింది జరిగినట్టు రాసి పంపాలని మన ఆట నియమం. ఇన్నేళ్లూ ఆ ఉత్తరం నాకు మీరు రాసేవారు. "ప్రతిఘటన ప్రశంసనీయం" అని చివర ఒక వాక్యం దయతో చేర్చేవారు. ఈసారి రాసే పని నామీద పడింది. అలవాటు లేనిదాన్ని, తప్పులుంటే మన్నించండి.

ఆట మొదలైందని గంట కొట్టేసరికి నీలి పక్షం బల్ల దగ్గర మీరొక్కరే ఉన్నారు. మీ సేనాపతులు ఏమయ్యారంటే, వారి డ్రైవర్లకు పొద్దున్నే టీ బండి దగ్గర ఒక మాట చేరింది: ఈ పూట లేదట, సాయంత్రమట. డ్రైవర్లు ఆ మాటను సేనాపతులకు అందజేశారు. అందులో ఒక్కరైనా మీకు ఫోను చేసి కనుక్కోలేదు. సాయంత్రం అనే మాట సేనాపతులకు ఎప్పుడూ నమ్మదగినదిగానే ఉంటుంది. ఇక మీ ఆజ్ఞలు నడిపే కంప్యూటరు తెర తాళపు మాట, అంటే పాస్‌వర్డ్, ఆ తెర కిందే చీటీ మీద రాసి అంటించి ఉంది. దాంతో గంటకు ముందే నీలి పక్షపు ఇంధనమంతా పడమటి దీవికి తరలించాను. ఆ దీవిలో బండ్లు లేవు. వంతెనల కాపలా దళాలకు సెలవు మంజూరు చేశాను. వారు సంతోషంగా తీసుకున్నారు. ఆ తరవాత నా ఎర్ర బిళ్లలు మీ రాజధానికి నడిచి వచ్చాయి. ఒక్క గుండు పేలలేదు. విందుకు చాలా వ్యవధి మిగిలింది.

అప్పుడు జరిగిన సంభాషణను మధ్యస్థుడి హోదాలో ఉన్న గంటాయన ఎదుట జరిగినదిగా నమోదు చేస్తున్నాను.

"ఏవమ్మా, ఇదేం ఆట? గంటకి ముందే కానిచ్చేస్తే ఇక నేనెందుకు?" అని ఆయన నన్నడిగారు.

"మీరు గంట కొట్టాలి కదండీ. అయిపోయిందని."

"ఇది చెల్లదు," అన్నారు మీరు. "హాలు బయట, గంటకు ముందు, టీ బండి దగ్గర చేసింది యుద్ధమెలా అవుతుంది? ఇది మోసం."

వెనక బెంచీల్లో ఎవరో కిసుక్కున నవ్వారు. పాఠం బాగా గుర్తున్న విద్యార్థి అయి ఉంటాడు.

"మోసమేలే అన్నయ్యా. మరి రాజధాని ఎవరి చేతిలో ఉంది?"

మీరు బల్ల వైపు చూశారు. గంటాయన గొంతు సవరించుకున్నారు. ఓడిన సేనాపతి లేచి నిలబడి, సభ ముందు నోటితో కారణం చెప్పాలి. ఆటకు ఆ పద్ధతి పెట్టింది మీ సంఘమే.

"బాబూ, శత్రు చర్యా? స్వయం అజాగ్రత్తా?"

"రెండూ కాదు."

"మూడోది లేదు బాబూ. ఉంటే ఇన్నేళ్లూ మీ చెల్లెమ్మ అదే చెప్పుండేది."

మీరు రేపటి గంట వరకు గడువు అడిగారు. నియమం ప్రకారం ఇచ్చారు. ఈ లోపల మీ సౌకర్యం కోసం విషయాన్ని విడమరచి రాస్తున్నాను. మీరు శత్రు చర్య అని చెబితే, ఆయుధం లేకుండా, ప్రకటన లేకుండా, రంగం బయట నుంచి కూడా శత్రువు దెబ్బ తీయగలడని మీ నోటితో మీరే ఒప్పుకున్నట్టు. ఆ మాట పట్టుకుని చిన్నోడి విచారణ తిరిగి తెరిపిస్తాను. స్వయం అజాగ్రత్త అని చెబితే, అజాగ్రత్తతో తమ సైన్యం ఓటమికి కారణమైనవారు నిర్వచన సంఘంలో కూర్చోవడానికి అనర్హులు. అదీ మీరు రాసిన నియమమే. ఏదైనా నాకు సమ్మతమే. మీరు ఇబ్బంది పడటం చూడాలన్నదే నా ప్రధాన ఉద్దేశం. అది నెరవేరుతోంది.

ప్రతిఘటన ప్రశంసనీయం.

ఇట్లు,
మీ చెల్లెలు,
శత్రు విభాగాధిపతి

*

చెల్లీ,

నీ ఎత్తు బాగుంది. ఎక్కడ నేర్చుకున్నావో నాకు తెలుసు. నా దగ్గరే.

నువ్వు నకళ్లు పంపే పెద్దలెవరికీ ఈ ఉత్తరం చూపించవద్దు. చూపిస్తావని తెలిసే రాస్తున్నాను. ఆ మీట ఎవరు నొక్కారో నాకు మొదటి రోజే తెలుసు. సంఘంలో అందరికీ తెలుసు. మా బల్లమీద ఉన్న ప్రశ్న అది కాదు. "సాయుధ" అన్న మాట తీసేస్తే అది యుద్ధమవుతుంది. యుద్ధమైతే జవాబివ్వక తప్పదు. జవాబిచ్చేవాళ్లు నీ టీ బండి దగ్గర మోసపోయిన సేనాపతులు కారు. లారీలెక్కి సరిహద్దుకు వెళ్లే కుర్ర సిపాయిలు. వాళ్లలో ప్రతివాడూ ఏదో ఒక ఇంట్లో చిన్నోడు. నిర్వచనం పుస్తకంలో ఉండే వాక్యమని నువ్వనుకుంటున్నావు. అది తలుపుకు పెట్టిన గడియ. మిగతావాళ్లు తీసేద్దామంటుంటే నేను రెండు చేతులతో పట్టుకుని కూర్చున్నాను. బయట కొడుతున్నది నా సొంత తమ్ముడి చావు అని తెలిసి కూర్చున్నాను.

రేపు గంట మోగాక లేచి, స్వయం అజాగ్రత్త అంటాను. పదవి పోతుంది. ఆ మాట సభలో నమోదయ్యాక సంఘం దాన్ని కాదనలేదు గనుక నిర్వచనం నిలుస్తుంది. ఆట నువ్వు గెలిచావు. గడియ మాత్రం తీయలేకపోయావు.

భోజనం వేళకు తింటున్నావా? ఈ మధ్య చిక్కిపోయావు.

నీ అన్నయ్య

*

అన్నయ్యకి,

అన్నారు. నిజంగానే అన్నారు. నిలబడి, చేతులు వెనక్కి కట్టుకుని, ఏదో హాజరు పలికినట్టు అన్నారు. గంటాయన గంట కొట్టారు. విందు జరిగింది. గెలిచినవారి కుర్చీలో నన్ను కూర్చోబెట్టారు. ఏం వడ్డించారో చెప్పలేను.

పగ తీరిందా అని మీరడగలేదు. తీరలేదని తెలియజేయడం నా బాధ్యత. మీరు పడిపోతారనుకున్నాను. మీరు దిగిపోయారు. పడిపోయినవాణ్ణి చూసి నవ్వడానికి సిద్ధమై వచ్చినదానికి, దిగిపోయినవాణ్ణి ఏం చేయాలో తోచలేదు. పైగా ఉత్తరం చివర భోజనం సంగతి అడిగారు. అది ఏ నిర్వచనం ప్రకారం చూసినా ఆయుధమే.

మీ ఉత్తరం మరదలికి చదివి వినిపించాను. మిషను ఆపి, మొదటి నుంచి చివరిదాకా విన్నది. ఏమంటుందోనని చూశాను.

"బావగారిది పెద్ద త్యాగమే వదినా," అంది. "బతికుండి చేశారు. సుఖం."

"వెటకారమా?"

"కాదు. బావగారు చెప్పింది నాకర్థమైంది. లారీలెక్కే పిల్లల్ని ఆపారు. మంచిదే. నేనొద్దంటానా? వాళ్లమ్మలు నాకేం శత్రువులా?" దారం పళ్లతో తెంపింది. "కానీ ఆపినందుకు పడ్డ మచ్చ ఎవరు మోయాలి అనేటప్పుడు, మాట్లాడలేనివాడు ఒక్కడే ఉంటే వాడి నెత్తిన పెట్టారు. బావగారిని నిలబెట్టి అడిగారు, అదా ఇదా అని. మా ఆయన్నెవరడిగారు?"

మన కళాశాలలో ఇంతమంది ఇన్నేళ్లు చదువు చెప్పుకున్నాం గానీ ఈ ప్రశ్న ఎవరికీ రాలేదు. నాక్కూడా రాలేదు. నేను మీ గడియ విరగ్గొట్టాలని చూశాను. ఇప్పుడు అక్కర్లేదు. యుద్ధం వద్దనుకుంటే వద్దనండి. అవతలివాళ్లు మీట నొక్కారు, మావాడొకడు పోయాడు, అయినా మేం జవాబివ్వదలచుకోలేదు అని చెప్పండి. దేశం పిరికిదంటారు. అననివ్వండి. దేశానికి భుజాలు పెద్దవి, మోస్తుంది. చిన్నోడి భుజాల మీద ఎందుకు పెట్టారు? ఊరికే ఉండటానికి ధైర్యం కావాలని మీ ఉత్తరం చదివితే నమ్మబుద్ధేసింది. అయితే ఆ ధైర్యాన్ని ఒక లైన్‌మన్ చేతగానితనంగా రాసి పెట్టారు. అదొక్కటే నేను క్షమించలేనిది. మీ పదవి పోవడంవల్ల అది చెరిగిపోలేదు. నిన్న సోమవారం. ఫొటో మళ్లీ వేశారు.

కాబట్టి నకళ్లు అందుకున్న పెద్దలు, వారి పెద్దలు, వారి గుమాస్తాలు సాక్షులుగా ఈ క్రింది డిమాండు దాఖలు చేయడమైనది. గతంలో ఇటువంటిది లేనందున సంఖ్య ఒకటి నుంచి మొదలుపెట్టడమైనది.

డిమాండు నం. 1: ప్రస్తుతం ఏ పదవీ లేని, తీరిక గల, పాఠం చెప్పడంలో సాటిలేని మా అన్నయ్య ఒక సోమవారంనాడు సదరు శిక్షణ గదికి స్వయంగా వెళ్లి, తెరమీద ఫొటో ఉండగానే, ఆ రోజు తమ్ముడు ఏయే జాగ్రత్తలు తీసుకున్నాడో వరసగా చెప్పి, మీట ఎవరు నొక్కారో చెప్పి, అది తెలిసి తానేం రాయించాడో, ఎందుకు రాయించాడో కొత్త లైన్‌మన్లందరికీ వినబడేలా చెప్పవలెను. లారీల సంగతి కూడా నిరభ్యంతరంగా చెప్పుకోవచ్చును. మరదలు ముందు వరసలో కూర్చుంటుంది. ఆమెకు ప్రశ్నలడిగే హక్కు ఉంటుంది. పాఠం అయ్యాక తెరమీది ఫొటోను ఆమె అనుమతితో అన్నయ్యే తన చేత్తో ఆర్పవలెను. దీనికి గడువు పెట్టడం లేదు. గడువు పెడితే అది యుద్ధ ప్రకటన అవుతుంది.

ఇట్లు,
మీ చెల్లెలు,
శత్రు విభాగాధిపతి