రోడ్డుకు ఇవతల పది డాలర్లు

ఏప్రిల్ 28, శుక్రవారం

కోర్టు ఒప్పుకుంది. వచ్చే శుక్రవారం నుంచి సిటీలో గంటకు పది డాలర్లు. ఇళ్లకు ఆయాలను పంపే మా ఏజెన్సీలో డ్యూటీలు వేసే మార్వా బోర్డు మీద మూడు అంకెలు రాసింది. దేశం మొత్తానికీ ఏడు పాతిక, మా రాష్ట్రానికి ఏడు డెబ్బై, సిటీకి పది. మూడింట్లో ఏది పెద్దదైతే అదే మీకివ్వాలి, తక్కువిస్తే నా మెడకు చుట్టుకుంటుంది అంది.

మిస్ ఎర్నెస్టీన్‌కు చెప్పాను. ఆమెకు ఎనభై ఒకటి. షుగరు. కళ్లు దాదాపు పోయాయి. ఆరేళ్లుగా పొద్దున్నే ఆమె స్నానం, మొక్కజొన్న జావ, ఇన్సులిన్ అన్నీ నా చేతి మీదే. చివర్న పాదాలు. వాటికి స్పర్శ లేదు, ముల్లు దిగినా తెలియదు. అందుకని వేళ్ల సందుల్లో కూడా చూస్తాను. పోనీలేవే డెల్ఫీన్, ఇకనైనా ఆ పన్ను బాగు చేయించుకో, నీ మూలుగు వినలేక చస్తున్నా అంది.

మే 19

పే స్లిప్ వచ్చింది. ఏడు డెబ్బై!

పొరపాటు పడిందనుకుని ఆమె గ్యాస్ బిల్లు పట్టుకుని ఏజెన్సీకి పరిగెత్తాను. కవరు మీద సిటీ పేరు అచ్చేసి ఉంది కదా. మార్వా మ్యాపు తీసింది. సిటీ హద్దు ఆ రోడ్డు నడిమధ్య నుంచి పోతుందట. మిస్ ఎర్నెస్టీన్ ఇల్లు కౌంటీ వైపు, అంటే సిటీ బయట. పోస్టాఫీసు దానికి తోచింది రాసుకుంటుంది తల్లీ, చట్టం పోస్టాఫీసును అడగదు అంది. నేను సిటీలో కాపురముంటున్నా లాభం లేదట. పని ఎక్కడ చేశానన్నదే లెక్కట.

మిస్ ఎర్నెస్టీన్ పడీ పడీ నవ్వింది. నా చెత్త ఎత్తేది కౌంటీ బండే పిచ్చిదానా, నన్నడిగితే ఎప్పుడో చెప్పేదాన్ని కదా అంది. నాకు నవ్వు రాలేదు.

మే 23

డ్యూటీ మార్పించుకున్నాను. రేపటి నుంచి మిస్టర్ హోలిస్ టేట్. రిటైరైన బస్సు డ్రైవరు, పక్షవాతం. అదే రోడ్డు, ఎదురిల్లు, సిటీ వైపు. నలభై అడుగులు నడిస్తే గంటకు రెండు డాలర్ల ముప్ఫై సెంట్లు ఎక్కువ. కాదనడానికి నేనేమీ సన్యాసిని కాను.

పాదాలు చూడటం అయ్యాకే చెప్పాను. రోడ్డుకు అవతలే ఉంటాను మిస్ ఎర్నెస్టీన్, ఆ కిటికీలోంచి మిమ్మల్ని చూస్తూనే ఉంటాను అన్నాను. వెళ్లవే, చూస్తుంటే చాలు అంది.

జూన్ 9

పన్ను పని అయింది. నొప్పి లేకుండా నిద్రపోవడం ఎలా ఉంటుందో మర్చిపోయాను.

జూన్ 20

మిస్ ఎర్నెస్టీన్ రోజూ పొద్దున వరండాలోకొచ్చి మేజోళ్లు విప్పి, కాళ్లెత్తి కటకటాల మీద పెట్టుకుని కూర్చుంటోంది. అరికాళ్లు మా వైపు. మహారాణి పాదాలు ఆరబెట్టుకుంటోంది చూడమన్నాడు మిస్టర్ టేట్. ఇద్దరం నవ్వుకున్నాం. చెయ్యి ఊపాను. ఆమెకు కనబడదని తర్వాత గుర్తొచ్చింది.

మొదటి వారం రెండుసార్లు వెళ్లాను. తర్వాత వెళ్లలేదు. ఇక్కణ్ణుంచి తిన్నగా ఇంకో ఇంటికి బస్సు పట్టుకోవాలి. అది ఒక సాకు. అసలు సంగతి మొహం చెల్లకపోవడం.

జులై 7

రాష్ట్ర రాజధానిలో కొత్త చట్టం. ఏ సిటీ కూడా రాష్ట్రం చెప్పినదానికన్నా ఎక్కువ ఇవ్వమనకూడదట. ఆగస్టు 28 నుంచి. మిస్టర్ టేట్ టీవీని తిట్టాడు. వాషింగ్టన్ మా మీద పెత్తనం చేస్తోందని గోల పెట్టేదీ వీళ్లే, సిటీ మీద పెత్తనం చేసేదీ వీళ్లే అన్నాడు. అత్త కొట్టిన కుండ అడుగోటి కుండ, కోడలు కొట్టిన కుండ కొత్త కుండ.

ఆగస్టు 11

ఎదురింటికి మళ్లీ కొత్తమ్మాయి. మూడోదో నాలుగోదో. ఆ జీతానికి ఎవరు నిలబడతారు!

ఆగస్టు 25

వరండా ఖాళీగా ఉంది. వాన వల్ల కాబోలు.

ఆగస్టు 28, సోమవారం

ఏడు డెబ్బై. తగ్గించి తీరాలని చట్టంలో ఉందా అని మార్వాను అడిగాను. తీరాలని లేదు, తగ్గించుకోవచ్చనే ఉంది, ఓనరుకు ఆ మాట చాలు కదా అంది.

అయితే నన్ను మిస్ ఎర్నెస్టీన్ దగ్గరికే వేసెయ్, ఇప్పుడు రోడ్డుకు రెండు వైపులా ఒకటే రేటు కదా అన్నాను. మార్వా పెన్ను కింద పెట్టింది. గురువారం సాయంత్రం అంబులెన్సులో తీసుకెళ్లారట. ఎడమ పాదం. వాసన వస్తే కొత్తమ్మాయి కట్టు విప్పి చూసిందట. వారం కిందట తగిలిన దెబ్బకు ఎవరో కట్టు కట్టి, మేజోడు తొడిగి వెళ్లిపోయారట.

ఆగస్టు 30

హాస్పిటల్‌కు వెళ్లాను. మోకాలి కింద నుంచి తీసేశారు.

నా గొంతు గుర్తుపట్టి చెయ్యి చాపింది. కోపం లేదు. ఉంటే బాగుండేది. ఆ పిల్లలకు నా కాళ్లు చూడమని చెప్పనేలేదే, నువ్వున్నావు కదా అంది. రోజూ కాళ్లు నీ కిటికీ వైపు పెట్టి కూర్చునేదాన్ని, ఎండ మొహాన పడి కుడి పక్కకు జరిగేదాకా ఉండేదాన్ని, నువ్వు బాగా చూసుకోవాలని. ఆ వారం మాత్రం, ఎటూ కట్టు ఉంది కదా అని మేజోడు విప్పలేదు. అప్పుడు చూడలేకపోయావు, అంతేలే అంది.

నేను చెయ్యి ఊపి ఊరుకున్నానని చెప్పలేదు.

సెప్టెంబర్ 4

లేబర్ డే, పనివాళ్ల పండగ. సెలవు. మాకు జీతం లేని సెలవు.

నర్సింగ్ హోమ్‌కు వెళ్లి మిస్ ఎర్నెస్టీన్ పాదం చూశాను. మడమ బాగుంది. వేళ్ల సందులు బాగున్నాయి. ఐదు వేళ్లే కాబట్టి త్వరగా అయిపోయింది.